కాణిపాకం హుండీ ఏ జాబితాలోకి వస్తుంది?

చిత్తూరు దగ్గర బాహుదా ఒడ్డున ఉన్న కాణిపాకం వరసిద్ధి వినాయకుడి గుడి దేవాదాయ శాఖ పరిధిలో ఉంది. హుండీ లెక్కలు చూసే కార్యనిర్వహణాధికారికి (ఈవో) ఆ అధికారం ఎక్కడిది? 1987 నాటి రాష్ట్ర దేవాదాయ చట్టం నుంచి. ఆ చట్టం చేసే అధికారం రాజ్యాంగంలోని 246వ అధికరణం, ఏడో షెడ్యూలు ఇచ్చినది.

పోటీ పరీక్షల అభ్యర్థులు తడబడేది ఇక్కడే. దేశంలోని తీర్థయాత్రలు రాష్ట్ర జాబితాలో 7వ అంశం. ధర్మాదాయాలు, మత సంస్థలు మాత్రం ఉమ్మడి జాబితాలో 28వ అంశం. భక్తుడి ప్రయాణం ఒక జాబితా, అతను హుండీలో వేసిన కానుక మరో జాబితా అన్నమాట! ఉమ్మడి అంశంలో కేంద్ర, రాష్ట్ర చట్టాలు ఢీకొంటే 254వ అధికరణం ప్రకారం కేంద్ర చట్టానిదే పైచేయి. అయితే రాష్ట్రపతి ఆమోదం పొందిన రాష్ట్ర చట్టం ఆ రాష్ట్రంలో నిలుస్తుంది, పార్లమెంటు మళ్లీ మార్చనంత వరకు.

కేంద్ర, రాష్ట్ర, ఉమ్మడి జాబితాలు మూడింటిలోనూ లేని అంశాలు 248వ అధికరణం ప్రకారం పార్లమెంటువి. అమెరికాలో తలకిందులు: పదో సవరణ మిగులు అధికారాలను రాష్ట్రాలకు, ప్రజలకు వదిలింది.

అధికారం ఉన్నంత మాత్రాన హద్దు లేదని కాదు. 25, 26 అధికరణాలు మత స్వేచ్ఛకు కంచె. 1954 శిరూరు మఠం తీర్పు ఆచారాలను మఠానికే వదిలి, ఆస్తుల నిర్వహణను చట్టం నియంత్రించవచ్చంది. 1996లో నారాయణ దీక్షితులు కేసులో అర్చకత్వంపై వంశపారంపర్య హక్కు రద్దును సుప్రీంకోర్టు సమర్థించింది. నియామకం లౌకిక వ్యవహారమని, పూజావిధానం మతపరమైనదని విడదీసింది.