లేని లోకానికి మేళం కట్టేటప్పుడు

నాటకాలకూ రేడియో రూపకాలకూ బాణీలు కట్టడంలోనే నా బతుకు చాలావరకు గడిచింది. ఇప్పుడు కల్పిత రాజ్యాల మీద నవలలు రాసే కుర్రకారు వచ్చి, "మా లోకంలో ఒక జాతర పెట్టాం, దాని సంగీతం ఎలా ఉండాలి మాస్టారూ?" అని అడుగుతున్నారు. అందరికీ విడివిడిగా చెప్పే ఓపిక లేక ఇలా రాస్తున్నాను.

1. వాయిద్యానికి వింత పేరు పెట్టకముందే అది దేనితో తయారైందో తేల్చుకోండి. రచయిత్రి ఉర్సులా లెగ్విన్ 1985లో ‘ఆల్వేస్ కమింగ్ హోమ్’ నవల రాశారు. అందులో కేష్ అనే జనం ఎప్పుడో రాబోయే కాలంలో ఉత్తర కాలిఫోర్నియా లోయలో బతుకుతుంటారు. పుస్తకంతో పాటు ఆ జనం పాటల క్యాసెట్ కూడా ఇచ్చారు. స్వరకర్త టాడ్ బార్టన్. అందులో ఏడడుగుల కొమ్ము వాయిద్యం ఒకటి, ఎముకతో చేసిన పిల్లనగ్రోవి ఒకటి. ఆ పిల్లనగ్రోవికి లోహం, తీగలు, ఫ్యాక్టరీ సరుకు ఎక్కడి నుంచి వస్తాయన్న ప్రశ్నే రాదు. మీ రాజ్యంలో అడవే లేకపోతే అన్ని డోళ్లకు కర్ర ఎవరిచ్చారు?

2. ఎప్పుడు వాయిస్తారో రాసుకోండి. కేష్ జనానికి పొద్దు పొట్టిగా ఉండే చలికాలంలో సూర్యుడి నాట్యం, వసంతంలో పగలూ రాత్రీ సమానమయ్యే వేళ లోకం నాట్యం, ద్రాక్ష కోతలయ్యాక ద్రాక్షసారా నాట్యం ఉంటాయి. ఎప్పుడు మోగకూడదో కూడా రాయండి. మన ఊళ్లలో ఎవరైనా పోతే, శవం లేచేదాకా గుడిలో మేళం మోగదు. ఆ ఒక్క నియమంతో పాతిక పేజీల కథ నడపొచ్చు.

3. అన్నిటికన్నా పెద్ద సంగతి, ఎవరు వాయించాలన్నది. చాలామంది ఇక్కడే తేలిపోతారు. ‘వృద్ధ గాయకుడు’ అని ఒకణ్ని తెచ్చి నిలబెడతారు. ఆయనకు ఇల్లుండదు, కులముండదు, అప్పుండదు. తెలంగాణలో మల్లన్న దేవుడి కొమురవెల్లికి వెళ్లి చూడండి. సంక్రాంతి నుంచి ఉగాది ముందు దాకా సాగే జాతరలో మల్లన్న కథ చెప్పే ఒగ్గువాళ్లు వట్టి పాటగాళ్లు కారు, పూజారులు కూడా. చేతిలో డమరుకం పట్టుకుని మల్లన్నకూ, మేడలమ్మకూ, కేతమ్మకూ జరిగిన పెళ్లి కథ చెబుతారు, పసుపు కుంకుమలతో, రంగుల పొడులతో పట్నం అనే ముగ్గు వేస్తారు, మొక్కుకున్నవాళ్ల చేత మొక్కు తీర్పిస్తారు. పాట, ముగ్గు, పూజ ఒక్క చేతిలోనే ఉన్నాయి. ఆ చెయ్యి ఎందుకు ఖాళీగా ఉండదో, ఎవరు దక్షిణ ఇస్తారో, ఎవరి ఇంటికి వెళ్లరో తెలిస్తేనే పాటకు బరువు వస్తుంది. ఒగ్గుకథ కళాకారుడు చుక్క సత్తయ్య లాంటి వాళ్లు ఈ కథను నగరాల్లోని వేదికల మీదికి తెచ్చారు. మైకు ముందు మూడు గంటలు చెప్పే కథ వేరు, దేవుడి ముందు చెప్పే కథ వేరు. మీ నవలలో రాజు ఆ పాటను కొలువుకు పిలిపించుకుంటే పాటగాడి ఇంట్లో ఏం జరుగుతుంది? నాకైతే అసలు కథ అదే.

4. పాటకు అర్థం కంటే వంత ముఖ్యం. ‘బాహుబలి’ సినిమాలో కాలకేయులకు మదన్ కార్కి కట్టిన కిలికి భాష చెవిలో పడగానే భయపెట్టింది. యుద్ధానికి అది చాలు, పూజకు చాలదు. పూజలో జనం తిరిగి అనగలిగే చిన్న మాట ఒకటుండాలి. కేష్ వాళ్లకు ‘హేయ’ అనే మాట అలాంటిది. వాళ్ల పాటలు ఎంత నిజమనిపించాయంటే, ఆ క్యాసెట్‌ను కాపీరైట్ కోసం నమోదు చేయించబోతే, ఆదివాసుల సంగీతానికి హక్కు పొందడం కుదరదని జవాబొచ్చిందని చెబుతారు. అబద్ధమైనా బాగుంది, నిజమైతే ఇంకా బాగుంది.

5. వాద్యకారుల చేత వాయించి చూడండి. కాగితం మీద అన్ని తాళాలూ సరిపోతాయి.

6. అపశ్రుతికి చోటివ్వండి. టోల్కీన్ లోకం పాటలోంచే పుడుతుంది. ఆయన పోయాక కొడుకు క్రిస్టఫర్ 1977లో తెచ్చిన ‘సిల్మరిలియన్’లో మొదటి కథ అదే. సృష్టికర్త ఇలూవటార్ ఇచ్చిన రాగాన్ని ఐనూర్ అనే దివ్యులు అందుకుంటారు. వాళ్లలో ఒకడైన మెల్కోర్ మాత్రం తన సొంత రాగం చొప్పిస్తాడు. మూడోసారికి రెండు సంగీతాలు ఒకేసారి మోగుతుంటాయి. మెల్కోర్‌ది గట్టిగా, కొద్ది స్వరాలనే బాకాలు పదేపదే ఊదినట్టు ఉంటుంది. అతను గెలిచాననుకున్న స్వరాలనే రెండో సంగీతం పట్టుకుని తనలో కలిపేసుకుంటుంది. మన రచయితలు రాక్షసుల మేళం అనగానే వంద రకాల వాద్యాలు దింపుతారు. టోల్కీన్ అలా చేయలేదు. దుర్మార్గుడికి స్వరాలు తగ్గించాడు.