కోపము చేయలేనిది

ఈ మాసపు పాఠమునకు 1980లో అమెరికాలో వెలువడిన "నైన్ టు ఫైవ్" అను హాస్య చిత్రమును తీసికొందము. 1973లో బోస్టను నగరపు గుమాస్తా స్త్రీలు కట్టుకొన్న సంఘము పేరే దీనికి పెట్టబడెను.

1. అన్యాయము. హార్ట్ అను అధికారి క్రింద ముగ్గురు స్త్రీలు పనిచేయుచుండిరి. వయొలెట్ యొద్ద పని నేర్చిన అతడే ఆమెను దాటి పై పదవి కెక్కెను. ఆమె ఆలోచనను తనదని చెప్పుకొనెను. డొరాలీమీద నింద పుట్టించెను.

2. కోపము. ఒక రాత్రి ముగ్గురును కూడి, వీనిని ఎట్లు చంపుదుమా అని ఊహించుకొని నవ్విరి. తరువాత వయొలెట్ పొరపాటున అతని కాఫీలో ఎలుకల మందు కలిపెను. అతడు త్రాగలేదు గాని, వారి నవ్వు భయముగా మారెను.

3. దిద్దుబాటు. వారతనిని అతని యింటనే బంధించి, అతని పేరుతోనే ఉత్తరువులు పంపిరి: అనుకూలమైన పనివేళలు, పసిబిడ్డలను చూచుకొను స్థలము, సమానమైన జీతము. పని వృద్ధి పొందెను. పెద్ద యజమాని వచ్చి మెచ్చుకొనెను. మెప్పు హార్ట్‌కే దక్కెను. సమాన జీతమును మాత్రము తీసివేయవలెననెను!

మనిషిని బంధించుట న్యాయమని మేము చెప్పము. అయితే చంపవలెనన్న తలంపు ఎవరికిని మేలు చేయలేదు. పని పద్ధతిని మార్చుటయే మేలు చేసెను.

ఆలోచించుడి: మన చేలో ఒకే పని చేసిన స్త్రీకి పురుషునికంటె తక్కువ కూలి ఇచ్చుచున్నామా? అట్లయిన హార్ట్ దూరదేశమున లేడు, మన గట్టుమీదనే నిలిచియున్నాడు.