కేసు వెనక్కి తీసుకోమంటున్నారు... తీసుకోవచ్చా?

బదిలీల జీవోపై మేం ఏడుగురు టీచర్లం కలిసి హైకోర్టులో రిట్ వేశాం. స్టే వచ్చింది. జీవో సవరిస్తాం, ముందు కేసు విత్‌డ్రా చేసుకోండని అధికారులు నోటిమాటగా చెబుతున్నారు. మిగతావాళ్లు సరేనంటున్నారు. నాకే మనసొప్పడం లేదు. - ఒక ఉపాధ్యాయుడు, ఒంగోలు

ఒప్పకపోవడమే మంచిదైంది. కేసు పోతే దాంతోపాటే స్టే కూడా పోతుంది. పాత జీవో మాత్రం అలాగే ఉంటుంది. మీకు మాటిచ్చిన అధికారికే రేపు బదిలీ కావచ్చు!

అప్పుడు మళ్లీ కోర్టుకెళ్దామంటే తలుపు మూసి ఉండొచ్చు. సివిల్ దావా వెనక్కి తీసుకునేటప్పుడు కొత్త దావాకు అనుమతి పొందకపోతే, అదే విషయంపై మళ్లీ దావా వేయకూడదని సివిల్ ప్రొసీజర్ కోడ్ 23వ ఆర్డర్ చెబుతుంది. ఈ సూత్రాన్ని సుప్రీంకోర్టు 1986లో సర్గుజా ట్రాన్స్‌పోర్ట్ కేసులో రిట్లకూ వర్తింపజేసింది. మధ్యప్రదేశ్‌కు చెందిన ఆ బస్సు పర్మిట్ వివాదంలో మొదటి రిట్‌ను లాయరు అనుమతి అడగకుండానే విత్‌డ్రా చేశారు. అదే ఉత్తర్వుపై వేసిన రెండో రిట్ నిలవలేదు. ఒక బెంచి దగ్గర గాలి అనుకూలంగా లేదని వెనక్కి తీసుకుని, ఇంకో బెంచి ముందుకెళ్లే అలవాటును ఆపడానికే ఈ కట్టడి. అక్రమ నిర్బంధంపై వేసే హెబియస్ కార్పస్ పిటిషన్లను మాత్రం కోర్టు ఇందులో చేర్చలేదు.

అందుకే సవరణ జీవో చేతికొచ్చేదాకా ఆగండి. వచ్చాక ఆ కాపీతో మెమో వేస్తే, ఇక విచారించడానికేమీ లేదని కోర్టే కేసు ముగిస్తుంది. కొత్త జీవోలో అన్యాయం ఉంటే దానిపై వేరే రిట్ వేసుకోవచ్చు. అంతవరకూ ఆగలేమంటే, ప్రభుత్వ హామీని గవర్నమెంట్ ప్లీడర్ చేత కోర్టులో చెప్పించి, ఉత్తర్వులో రాయించండి. ‘మళ్లీ రిట్ వేసుకునే లిబర్టీతో’ అన్న ముక్క కూడా అందులో ఉండాలి. లాయరుగారు అడిగానంటే సరిపోదు, సర్టిఫైడ్ కాపీ తీసుకుని మీరే చదవండి.

తక్కిన ఆరుగురు తమ వరకు తప్పుకోవచ్చు. మీరు ఒప్పుకోకుండా మీ తరఫు కేసును ఎత్తేసే హక్కు వాళ్లకు లేదు. అందరికీ ఒకే వకాలత్ కాబట్టి, మీరు కొనసాగుతున్నారని లాయరుకు ఈరోజే రాతపూర్వకంగా తెలపండి.

చెరువు భూమి కేటాయింపు జీవోపై పిల్ వేశాను. ఒత్తిళ్లు పెరిగాయి. మానుకోవచ్చా? - ఒక పాఠకుడు, జనగామ

అడగొచ్చుగానీ, అది మీ హక్కు కాదు. పిల్ వేశాక విషయం ఊరందరిదీ అవుతుంది. జైళ్లలో ఉన్న పిల్లల గురించి కేసు వేసిన షీలా బార్సే వెనక్కి తగ్గుతానన్నప్పుడు, 1988లో సుప్రీంకోర్టు ఆమె పేరు తొలగించి కేసును మాత్రం కొనసాగించింది. మీరు తప్పుకోదలిస్తే అఫిడవిట్లో ‘సొంత కారణాలు’ అని రాసి ఊరుకోకండి. బెదిరింపులుంటే అదే రాయండి, రక్షణ కూడా కోరండి.