వెలుగునీడల చిత్రకారుడు – కజువో మియగావా

జపాన్‌లోని క్యోటో నగరంలో 1908లో జన్మించిన కజువో మియగావా బాల్యంలో అభ్యసించినది కెమెరా విద్య కాదు. సిరాతో బొమ్మలు వేసే సంప్రదాయ చిత్రకళ. ఆ కళలో రంగులుండవు. నల్లని సిరాలో నీటిపాళ్ళు మార్చుతూనే కొండను, మంచును, ఏటిని చూపాలి. నలుపు తెలుపుల నడుమ ఎన్ని ఛాయలున్నాయో ఆ బాలుడు కుంచెతోనే గ్రహించాడు. 1926లో నిక్కత్సు సంస్థవారి క్యోటో స్టూడియోలో చేరినప్పుడు ఆయనకు లభించినది ఫిలిం కడిగే పని. ఛాయాగ్రాహకుడు కావడానికి దాదాపు తొమ్మిదేళ్ళు పట్టింది. చీకటిగదిలో గడిపిన ఆ కాలం వృథా పోలేదని తర్వాతి చిత్రాలు చెబుతాయి.

అకిరా కురొసావా దర్శకత్వంలో 1950లో వచ్చిన ‘రషోమన్’ ఆయనకు ప్రపంచఖ్యాతి తెచ్చింది. సూర్యుని వైపు కెమెరాను తిప్పరాదని, ఎండ తీక్షణతకు ఫిలిం కాలిపోతుందని ఆనాటి సాంకేతికుల భయం. మియగావా ఆ నిషేధాన్ని లెక్కచేయలేదు. ఆకుల సందులలోంచి మిరుమిట్లు గొలిపే సూర్యుణ్ణి సూటిగా చిత్రించాడు. దట్టమైన అడవిలో నటుల ముఖాలపైకి వెలుగును అద్దాలతో మళ్ళించాడు. శిథిలద్వారం వద్ద కురిసే వాన బూడిదరంగు ఆకాశం ముందు కనబడకపోతే, నీటిలో నల్లసిరా కలిపి కురిపించారు. బాల్యమిత్రమైన సిరా ఇక్కడ కూడా తోడు వచ్చిందన్నమాట! 1951లో ఆ చిత్రం వెనిస్ చలనచిత్రోత్సవంలో స్వర్ణసింహ పురస్కారం పొందింది.

కెంజి మిజోగుచి తీసిన ‘ఉగెత్సు’ (1953) తీరు వేరు. చుట్టచుట్టిన చిత్రపటం మెల్లగా విప్పినట్లు కథ సాగాలని దర్శకుని కోరిక. అందుకే అధికభాగం దృశ్యాలను క్రేన్ మీదనుండి చిత్రించారు. చాలాకాలానికి ఇల్లు చేరిన కుమ్మరి భార్యను పిలుస్తూ లోనికి వస్తాడు. ఇల్లంతా శూన్యం. అతడు వెనుకవైపుగా బయటికి వెళ్ళి ఇంటిని చుట్టి వస్తుంటే, కెమెరా లోపలే ఉండి అతనితోపాటు తిరుగుతుంది. తిరిగి చూసేసరికి, ఇంతకుముందు చల్లారి ఉన్న పొయ్యి ముందు భార్య కూర్చొని వంట చేస్తూ ఉంటుంది! ఆమె మరణించిందని కుమ్మరికి మరునాడు గాని తెలియదు. కత్తిరింపు లేదు, కనికట్టు లేదు. కెమెరా ఒక్కసారి అటు తిరిగి ఇటు వచ్చింది, అంతే. ఆ నిశ్శబ్దం ముందు నేటి ఎన్నో యంత్రమాయలు వెలవెలబోతాయి.

రంగుల యుగంలోనూ ఆయన రంగులకు లొంగలేదు. కోన్ ఇచికావా తీసిన ‘ఒతోతో’ (1960) గడచిన కాలపు కథ. మామూలుగా రంగుల ఫిలింను కడిగేటప్పుడు అందులోని వెండిని తొలగిస్తారు. మియగావా దానిని ఫిలింలోనే నిలిచి ఉండేటట్లు చేయించాడు. ఫలితంగా రంగులు వెలిసిన పాత జ్ఞాపకంలా అణగి కనిపించాయి. ఫిలిం కడిగిన చేతులకే తట్టగల ఉపాయమది.

‘కగెముషా’ (1980) చిత్రీకరణ సమయంలో కంటిచూపు మందగించడంతో ఆయన తప్పుకోవలసి వచ్చింది. చూపే జీవనాధారమైనవానికి అంతకన్నా పెద్ద దెబ్బ ఏముంటుంది? అయినా కెమెరాను విడువలేదు. మసాహిరో షినోదా చిత్రాలకు 1984లోను, ఆ తర్వాతను పనిచేశాడు. 1999 ఆగస్టులో తన 91వ ఏట మరణించాడు.