శాస్త్రపద్ధతియు దాని బోధనయు

మన పాఠశాలలలోఁ బ్రకృతిశాస్త్రములు నేర్పఁబడుచున్నవి గాని శాస్త్రపద్ధతి నేర్పఁబడుచున్నదా యని మేము సందేహించుచున్నాము. ఈ సందేహమునకుఁ గారణము దూరమున లేదు. విద్యార్థుల ప్రయోగపుస్తకములను విప్పి చూడుఁడు. సరళలోలకము నూఁచి భూమ్యాకర్షణ త్వరణమును గణించు ప్రయోగ మందుండును. ఫలము సెంటీమీటరుల లెక్కను 980 యనియో 981 యనియో చక్కఁగా వ్రాయఁబడియుండును. పెక్కు పుస్తకములలో నా యంకె లోలకమునుండి వచ్చినది కాదు, అచ్చుపుస్తకమునుండి వచ్చినది. విద్యార్థి మొదట ఫలమును వ్రాసికొని, దానికిఁ దగినట్లు ఊఁపుల కాలమును వెనుకనుండి లెక్కవేసి పట్టికను నింపును. ఉపాధ్యాయుఁ డెఱిఁగియు నూరకుండును. భిన్నమైన ఫలము వ్రాసినవానికి మార్కులు తగ్గునని యాయనకుఁ దెలియును.

తీర్పును ముందుగా నిశ్చయించుకొని దానికి సరిపడునట్లు సాక్ష్యమును గల్పించుటను న్యాయస్థానములందుఁ గూటసాక్ష్య మందురు. దానికి శిక్ష గలదు. ప్రయోగశాలయందు దానికే పూర్ణాంకములు లభించుచున్నవి.

ఇంకొక వింత గలదు. భూమ్యాకర్షణ మన్నిచోట్ల నొక్కటి కాదు. ప్రమాణముగాఁ గొన్న విలువ 980.665, భూమధ్యరేఖకుఁ జేరువగా నున్న హైదరాబాదునం దది 978కిఁ గొంచె మెక్కువ మాత్రమే. కాఁబట్టి మన బాలుఁడు తెచ్చిపెట్టుకొనిన 981 ఇచ్చటి సత్యము కూడఁ గాదు. 1672వ సంవత్సరమున జాఁ రిషే యను ఫ్రెంచి ఖగోళజ్ఞుఁడు దక్షిణ అమెరికాలోని కయేన్ పట్టణమునకుఁ బోయి, పారిసునందు సరిగా నడచిన లోలక గడియార మచ్చట దినమునకు సుమారు రెండున్నర నిమిషములు వెనుకఁబడుటను గాంచెను. ఆయన దానిని దాఁచక వ్రాసిపెట్టెను. భూమి ధ్రువములకడఁ గొంత యణఁగియున్న దని వాదించుటకు న్యూటను కది యొక సాక్ష్య మయ్యెను. మన ప్రయోగశాలలలో రిషేకు మార్కులు తగ్గియుండెడివి.

పరిశీలన, ఊహ, ప్రయోగము, నిర్ణయము అని మెట్లవరుసగా వల్లింపించుటచే శాస్త్రపద్ధతి యలవడదు. మన దేశముననే జరిగిన యొక సంగతిని నిదానముగాఁ బరిశీలించుట మేలు.

చలిజ్వరము చెడుగాలివలన వచ్చునని ఐరోపీయులు చిరకాలము నమ్మిరి. మలేరియా యను పదమునకు ఇటలీభాషలో నదియే యర్థము. 1880లో లావెరాన్ అను ఫ్రెంచి సైనికవైద్యుఁడు అల్జీరియాలో రోగుల రక్తమునందు సూక్ష్మజీవులను గనుఁగొనెను. ఆ జీవులు దోమ శరీరములోఁ బెరుఁగవచ్చునని లండనులోని పాట్రిక్ మాన్సన్ ఊహించెను. దోమ నీటిలోఁ జచ్చు ననియు, ఆ నీటిని ద్రావినవారికి జ్వరము సోఁకవచ్చు ననియు ఆయన తలంపు. భారత వైద్యోద్యోగియగు రొనాల్డ్ రాస్ 1895లో సికింద్రాబాదునకు వచ్చి దీనిని బరీక్షించెను. రోగిని గఱచిన దోమలు చచ్చిన నీటిని మొదట నొకనికిఁ ద్రావనిచ్చెను. కొన్నిదినములకు వానికి జ్వరము వచ్చెను! మేమెఱిఁగిన పెద్దమనుష్యులలోఁ బెక్కండ్రు విచారణ నిచ్చటనే ముగించియుందురు. రాస్ ముగింపలేదు. మఱి కొందఱికి నట్లే యిచ్చి చూడఁగా వ్యాధి కనఁబడలేదు. ఒక్క యనుకూల దృష్టాంతముకంటెఁ బిదప వచ్చిన ప్రతికూల దృష్టాంతముల కాయన యెక్కువ గౌరవ మిచ్చెను. (మనుష్యులకు రోగద్రవ్యము నిట్లు త్రావనిచ్చుటను నేఁటి వైద్యధర్మ మొప్పుకొనదు, మేమును మెచ్చుకొనము.)

తరువాత రెండేండ్లు సామాన్యముగా దొరకు బూడిదరంగు దోమలను, చారల దోమలను గోసి వెదకినను ఫలము లేకపోయెను. ఈ వైఫల్యమువలనఁ దెలియవలసిన దేమి? దోమ నిర్దోషి యనియా, పట్టుకొన్న దోమలజాతి వేఱనియా? 1897 ఆగస్టులో రెక్కలపై మచ్చలుగల మఱియొక జాతి దోమలు, నీటిపురుగుల దశనుండి పెంచినవి, ఆయనకు లభించెను. పుట్టుకనుండి పెంచినవి గనుక మఱి యెవరినో గఱచి వచ్చిన వను శంకకుఁ దావు లేదు. హుసేన్ ఖాన్ అను రోగి దోమ కొక యణా చొప్పునఁ బుచ్చుకొని వానిచేఁ గఱపించుకొనెను. 20వ తేదీన నొక దోమను గోసి చూడఁగా దాని కడుపుగోడలో వింతకణములు, వానిలో రోగి రక్తమందలి జీవులకుండు నల్లని రేణువులే కనఁబడెను.

ఇచ్చటనే పద్ధతియొక్క మర్మ మున్నది. ఆ కణములు నిజముగా జ్వరజీవులే యైనచో నవి పెరుఁగవలెను. ఒక్క దోమ మాత్రమే మిగిలియుండెను. మఱునాఁడు దానిని గోసినపుడు కణములు పెద్దవి కాకున్నచోఁ దన యూహ కూలిపోవునని యెఱిఁగియే రాస్ దానిని గోసెను. కణములు పెద్ద వయ్యెను. అయినను రోగినుండి దోమకు జీవి చేరుట మాత్రమే యిందువలన సిద్ధించినది. దోమనుండి యారోగ్యవంతునకుఁ జేరుట సిద్ధింపలేదు. 1898లోఁ గలకత్తాలోఁ బక్షుల మలేరియాపైఁ బనిచేసి, జీవులు లేని పిచ్చుకలను, కొలఁదిగాఁ గలవానిని, మెండుగాఁ గలవానిని దోమలచేఁ గఱపించి, దోమలలోని కణములు నట్లే శూన్యముగాను, కొలఁదిగాను, మెండుగాను నుండుటను జూపెను. పిదప దోమ లాలాజలగ్రంథులలో నా జీవులను గనుఁగొని, యట్టి దోమల కాటుచే నారోగ్యముగల పక్షులకు వ్యాధి సోఁకుటను నిరూపించెను. మనుష్యుల విషయమున నా నిరూపణమును ఆ సంవత్సరముననే ఇటలీలో గ్రాస్సి మొదలగువారు చేసిరి. 1902లో రాస్‌నకు నోబెల్ బహుమాన మిచ్చిరి.

ఇంతటి విచారణను మన పాఠపుస్తకము ఒక్క వాక్యమునకుఁ గుదించును: మలేరియా దోమవలన వచ్చును, కనుఁగొన్నవాఁడు రాస్. ఈ వాక్యమును వల్లించిన బాలుఁడును, చెడుగాలి యని వల్లించిన పూర్వుఁడును నొక్కరీతివారే. పెద్దలు చెప్పిరి, నమ్మిరి. రేపు ఫలాని యాకురసము డెంగీజ్వరమును గుదుర్చునని యెవ్వరైన నూర్గురు సాక్షులతోఁ జెప్పినచో వాఁడు దానిని గూడ నమ్మును. డెంగీరోగులలోఁ బెక్కండ్రు ఏ రసమును ద్రావకయే యించుమించుగా నొక వారములోఁ గోలుకొందురు. కావున నేమి యిచ్చినను నూర్గురు సాక్షులు దొరకుదురు. త్రావనివా రెట్లుండిరని యడుగువాఁడే లేఁడు. జ్వరము దిగినపిదపనే కొందఱికిఁ బ్రాణాపాయ మేర్పడును. ఆ వేళ రసమును నమ్మి వైద్యశాలకుఁ బోక జాగుచేసిన కుటుంబము చెల్లించు మూల్యము మార్కులలో లెక్కకు రాదు.

ఈ ప్రశ్న పరదేశపుది యని పండితులు కొందఱు త్రోసివేయుదురు. తెలుఁగువాఁడైన యన్నంభట్టు రచించిన తర్కసంగ్రహమును జదివినవా రట్లనఁగూడదు. పొగనుబట్టి నిప్పు నూహింపవచ్చును గాని నిప్పునుబట్టి పొగ నూహింపరాదు. తడికట్టె చేరినపుడే పొగ. ఆ తడికట్టెను ఉపాధి యనిరి. పైకిఁ గారణముగాఁ దోఁచుదానివెనుక దాఁగియున్న యుపాధిని వెదకుటయే రాస్ చేసిన పని. కాని మన పాఠశాలలందలి తర్కము వంటయింటి దృష్టాంతమును శతాబ్దములు వల్లించెనే గాని తడికట్టెను బొడికట్టెను దెచ్చి ప్రక్కప్రక్కన నంటించి చూడుఁడని శిష్యుల కెంతమంది గురువులు చెప్పిరి?

శాస్త్రదృష్టిని, మానవత్వమును, జిజ్ఞాసను, సంస్కారబుద్ధిని బెంపొందించుకొనుట పౌరుని విధి యని 1976 నాఁటి సవరణచే రాజ్యాంగపు 51-ఏ అధికరణమునఁ జేర్పఁబడినది. దానిని గోడపై వ్రేలఁగట్టుటకంటె నుపాధ్యాయులు కొన్ని చిన్నపనులు చేయుట లెస్స. ప్రయోగమునకు ముందు, ఏ ఫలము వచ్చినచోఁ దన యూహను విడుతునో బాలుఁడు వ్రాసి సంతకము చేయవలెను. రెండు కుండలలో విత్తనములు నాటింపుఁడు. మట్టియు, నీరును, విత్తును సమానముగా నుంచి వెలుతురు నొక్కదానినే మార్పింపుఁడు. కొట్టివేసిన యంకెలు చదువుటకు వీలుగా నుండవలెను. పరీక్షకుఁడు ఫలమునకుఁ గాక పట్టికయొక్క నిజాయితీకి మార్కు లియ్యవలెను. అడిగినది తెలియనపుడు తెలియదని చెప్పుట కుపాధ్యాయుఁడు జంకరాదు. ఈ యొక్కటియే కష్టము.

ఇఁక లోలకము మాట. నలువదిమంది బాలురు తమతమ ఫలములను బల్లపై వ్రాయవలెను. ఒక్కరి యంకె యొకరితోఁ గలియదు. దారమును గుండు మధ్యమువఱకుఁ గాక పైయంచువఱకే కొలిచినవాఁడెవఁడు, ఊఁపులను ఒకటి తక్కువగా లెక్కించినవాఁడెవఁడు, గుండును మిక్కిలి దూరము లాగి విడిచినవాఁడెవఁడు అని వారిచేతనే వెదకించి, మరల నూఁపింపవలెను.