ఒకే పేరు, వేర్వేరు వ్యక్తులు: ప్రభుత్వ రికార్డులను, పేటెంటు పత్రాలను చదివే విధానం

ప్రభుత్వ పుస్తకాలలో మనిషి ముఖం కనిపించదు, పేరే కనిపిస్తుంది. అదే పేరు మరొకరికీ ఉన్నప్పుడు ఒకరి మరణం మరొకరి పింఛనును ఆపవచ్చు, ఒకరి బకాయి మరొకరి గుమ్మం తట్టవచ్చు, ఒకరి పరిశోధన మరొకరి ఖాతాలో చేరవచ్చు. కోరాపుట్, రాయగడ జిల్లాల పట్టణాలలో నివసించే తెలుగువారికి ఈ చిక్కు ఇతరులకంటె కొంత ఎక్కువగానే ఎదురవుతుంది. అందుకు కారణాలను, ఒకే పేరు గలవారిని పత్రాలలో వేరుచేసి గుర్తించే పద్ధతిని, పొరపాటు దొర్లితే సరిదిద్దుకునే మార్గాన్ని ఈ పాఠంలో తెలుసుకుందాం.

1. మన పేర్లు ఎందుకు కలుస్తాయి?

ఇక్కడి తెలుగు కుటుంబాలలో అనేకం శ్రీకాకుళం, విజయనగరం, విశాఖపట్నం ప్రాంతాలకు చెందినవి. ఆ ప్రాంతంలో బిడ్డకు ఇలవేల్పు పేరు పెట్టడం ఆచారం. సింహాచలం అప్పన్న పేరిట అప్పారావులు, అప్పలస్వాములు, సింహాచలాలు. విజయనగరం పైడితల్లి పేరిట పైడిరాజులు. అనకాపల్లి నూకాలమ్మ పేరిట నూకరాజులు వీధి వీధికీ కనిపిస్తారు. రాయగడ మజ్జిగౌరి అమ్మవారికి మొక్కుకుని గౌరి అని పేరు పెట్టుకున్న ఇళ్లూ ఉన్నాయి. దీనికి తోడు తాత పేరు మనుమడికి పెట్టే సంప్రదాయం ఒకటి. అప్పుడు ఇంటిపేరు, వ్యక్తి పేరు, ఊరు, చివరకు ఇంటి చిరునామా కూడా ఒకటే అవుతాయి. తాత పేరిట ఉన్న భూమి మనుమడిదిగానో, మనుమడి పేరిట ఉన్న రుణం తాతదిగానో పొరబడటానికి అంతకంటె ఏమి కావాలి?

రెండవ కారణం లిపి. తెలుగులో వ్రాసుకున్న పేరు ఇక్కడి కార్యాలయంలో ఒడియాలోకి, అక్కడి నుండి ఇంగ్లీషులోకి మారుతుంది. ఒడియాలో వకారం సాధారణంగా బకారంగా పలుకుతుంది. కనుక వెంకటేశ్వర్లు బెంకటేశ్వర్లు అవుతాడు. ఇంగ్లీషు అక్షరాలలో ఒకచోట ఆ పలుకును, మరొకచోట ఈ పలుకును అనుసరించి వ్రాస్తే ఒకే మనిషి రెండు పేర్లతో నమోదవుతాడు. ఒక పేరుకు ఇద్దరు మనుషులు ఉండటం మొదటి చిక్కు. ఒక మనిషికి రెండు పేర్లు ఏర్పడటం రెండవ చిక్కు. రికార్డులు చదివేవారు ఈ రెండింటినీ గుర్తుంచుకోవాలి.

2. మన ప్రాంత చరిత్రే ఒక ఉదాహరణ

జయపురం సంస్థానాధీశులలో విక్రమదేవ నామధేయులు ఒకరు కాదు, నలుగురు. వారిలో మూడవ విక్రమదేవుడు 1889 నుండి 1920 వరకు, నాలుగవ విక్రమదేవుడు 1931 నుండి 1951 వరకు పాలించారు. ఆంధ్ర విశ్వవిద్యాలయానికి సంవత్సరానికి లక్ష రూపాయల విరాళమిచ్చి, తెలుగు, ఒడియా భాషలు రెండింటిలోను రచనలు చేసిన విక్రమదేవ వర్మ ఈ నాలుగవవారు. ఆయన పేరు తెలుగు పుస్తకాలలో విక్రమదేవ వర్మ అని, ఒడియా పలుకుబడిలో బిక్రమ దేబ్ అని, పాత ఇంగ్లీషు పత్రాలలో విక్రమ్ దేవ్ అని, విక్రమ్ దేవో అని పలువిధాలుగా కనిపిస్తుంది. పాత దస్తావేజులో కేవలం "విక్రమదేవ మహారాజు" అని ఉన్నంత మాత్రాన ఆయన ఎవరో చెప్పలేము. పత్రం తేదీ చూడాలి. 1905 నాటి పత్రమైతే మూడవవారు. 1940 నాటిదైతే నాలుగవవారు. తేదీ ఒక్కటే సందేహాన్ని తీర్చివేసింది.

ఊళ్ల పేర్లు కూడ ఇట్లే కలుస్తాయి. మన జయపురం, రాజస్థాన్ రాజధాని జైపూర్ ఒకే మూలం గల పేర్లు; ఇంగ్లీషు వర్ణక్రమంలో ఉన్న భేదమే వాటిని వేరుచేస్తున్నది. రాయగడ అనే పేరుతో మన జిల్లా కేంద్రం ఒకటి ఉండగా, పొరుగున గజపతి జిల్లాలో అదే పేరు గల బ్లాకు మరొకటి ఉన్నది. కాబట్టి దరఖాస్తులో "రాయగడ" అని మాత్రమే వ్రాయక, జిల్లా పేరు, పిన్‌కోడు తప్పక చేర్చాలి.

పాత రికార్డులు వెదికేవారికి మరొక మాట. ఒడిశా ప్రత్యేక రాష్ట్రంగా ఏర్పడిన 1936 ఏప్రిల్ 1కి పూర్వం జయపురం జమీందారీ మద్రాసు రాజధానిలోని విశాఖపట్నం జిల్లాలో ఉండేది. రాయగడ జిల్లా కోరాపుట్ నుండి వేరుపడింది 1992 అక్టోబరు 2న. కనుక ఒకే ఇంటికి సంబంధించిన పత్రాలు కాలాన్ని బట్టి మూడు జిల్లాల పేర్లతో ఉండవచ్చు. జిల్లా పేరు వేరుగా ఉన్నదని మనిషి వేరని నిర్ణయించరాదు.

3. ఇంటిపేరు ముందా, వెనుకా?

తెలుగువారు ఇంటిపేరును ముందు వ్రాస్తారు. ఒడిశాలోను, విదేశాలలోను ఇంటిపేరును చివర వ్రాస్తారు. ఈ భేదం వల్ల మన గౌరవవాచకమైన "రావు" అనేకమందికి ఇంటిపేరుగా స్థిరపడిపోయింది.

గణాంకశాస్త్రంలో లోకప్రసిద్ధుడైన సి. ఆర్. రావు పూర్తి పేరు కల్యంపూడి రాధాకృష్ణ రావు. ఆయన 1920లో జన్మించి 2023లో కీర్తిశేషులైనారు. ఆంధ్ర విశ్వవిద్యాలయంలో గణితం చదివారు. రసాయనశాస్త్రంలో భారతరత్న పొందిన సి. ఎన్. ఆర్. రావు పూర్తి పేరు చింతామణి నాగేశ రామచంద్ర రావు; వారు బెంగళూరువారు. ఇద్దరికీ బంధుత్వం లేదు, శాస్త్రం ఒకటి కాదు, మాతృభాష ఒకటి కాదు. అయినను గ్రంథసూచికలలో ఇద్దరూ "రావు" అనే శీర్షిక క్రిందనే ఉంటారు. కల్యంపూడి అనే అసలు ఇంటిపేరు ఒక్క పొడి అక్షరంగా మిగిలింది.

దీనికి భిన్నమైన ఉదాహరణ ఎల్లాప్రగడ సుబ్బారావు. 1895లో భీమవరంలో జన్మించి, అమెరికాలో కృషిచేసి, 1948లో మరణించిన ఆ జీవరసాయన శాస్త్రవేత్త తన పేరును విడదీయక "సుబ్బారావు" అని ఒకే పదంగా, ఇతరులకంటె భిన్నమైన ఇంగ్లీషు వర్ణక్రమంతో వ్రాసుకున్నారు. 1925లో ఫిస్కేతో కలిసి ఆయన ప్రకటించిన, భాస్వరాన్ని కొలిచే పద్ధతి నేటికీ ఫిస్కే–సుబ్బారావు పద్ధతిగానే పిలువబడుతున్నది. లెక్కలేనంతమంది సుబ్బారావుల నడుమ ఆయన పేరు రావుల రాశిలో కలిసిపోకుండా నిలిచింది.

మన నిత్యజీవితంలో దీని ఫలితం పాన్ కార్డులో చూడవచ్చు. పది అక్షరాంకాల ఆ సంఖ్యలో ఐదవ అక్షరం కార్డుదారుని ఇంటిపేరు మొదటి అక్షరం. దరఖాస్తులో ఇంటిపేరు ఉండవలసిన గడిలో "రావు" అని వ్రాసినవారికి ఆ అక్షరమే పడుతుంది. కనుక ఇంటిపేరును ఏ గడిలో వ్రాయాలో ఒక్కసారి నిర్ణయించుకుని, అన్ని పత్రాలలోను అదే క్రమాన్ని పాటించాలి. పొడి అక్షరాలు వ్రాయక, ఇంటిపేరును పూర్తిగా వ్రాయడం మేలు.

4. పేటెంటు పత్రంలో ఎవరు ఎవరు?

సునాబెడ విమాన ఇంజిన్ల కర్మాగారం, దామన్‌జోడి అల్యూమినా కర్మాగారం, జేకేపూర్ కాగితపు మిల్లు, తేరుబలి ఫెర్రో అల్లాయ్స్ వంటి పరిశ్రమలున్న మన జిల్లాలలో యంత్రాల నడుమ బ్రతికే కుటుంబాలు అనేకం. కొత్త పరికరాన్నో, కొత్త పద్ధతినో కనుగొనే అవకాశం వారికి ఉన్నది. అందువల్ల పేటెంటు పత్రాన్ని చదవగలగడం వారికి అక్కరకు వచ్చే విద్య.

1970 నాటి పేటెంట్ల చట్టం ప్రకారం పేటెంటు గడువు దరఖాస్తు తేదీ నుండి 20 సంవత్సరాలు. దరఖాస్తు సాధారణంగా 18 నెలల తరువాత ప్రచురితమవుతుంది. ప్రతి శుక్రవారం వెలువడే పేటెంటు పత్రికలో దానిని ఎవరైనా చూడవచ్చు. పేటెంట్ల రిజిస్టరు కూడ ప్రజలు పరిశీలించదగినదే.

పత్రంలో రెండు స్థానాలను వేరుగా చూడాలి. ఒకటి ఆవిష్కర్త, అనగా ఆలోచన చేసినవారు. రెండవది దరఖాస్తుదారు, అనగా హక్కు కోరేవారు. సంస్థలో పనిచేసే ఉద్యోగి ఆవిష్కర్త అయినప్పుడు దరఖాస్తుదారు తరచుగా సంస్థయే. ఆవిష్కర్తగా పేరు ఉండటం గౌరవం. అంతమాత్రాన హక్కు రాదని చట్టమే చెబుతున్నది.

ఈ భేదానికి సుబ్బారావు జీవితంలోనే నిదర్శనం ఉన్నది. ఆయన పరిశోధనాధిపతిగా ఉన్న లెడర్లీ ప్రయోగశాలలోనే ఆరియోమైసిన్ అనే సూక్ష్మజీవి నాశక ఔషధం వెలువడింది. 1949లో మంజూరైన దాని అమెరికా పేటెంటులో ఆవిష్కర్తగా కనిపించేది వృక్షశాస్త్రవేత్త బెంజమిన్ డగ్గర్ పేరు. హక్కుదారు అమెరికన్ సైనమిడ్ సంస్థ. పరిశోధనను నడిపించిన వ్యక్తి పేరు కోసం ఆ పత్రంలో వెదికితే దొరకదు. పేటెంటు పత్రం హక్కుల చరిత్ర చెబుతుంది కాని, శ్రమ చరిత్ర అంతటినీ చెప్పదు.

ఇక ఒకే పేరు గల ఇద్దరు ఆవిష్కర్తల సంగతి. ఒకరు సునాబెడలో, మరొకరు శ్రీకాకుళంలో ఉన్నారనుకుందాం. ఒడిశావాసి దరఖాస్తు కలకత్తా కార్యాలయానికి, ఆంధ్రప్రదేశ్ వాసి దరఖాస్తు చెన్నై కార్యాలయానికి చేరుతుంది. 2016 నుండి అమలులో ఉన్న పద్ధతిలో దరఖాస్తు సంఖ్యకు పన్నెండు అంకెలుంటాయి. మొదటి నాలుగు సంవత్సరాన్ని, ఐదవది కార్యాలయాన్ని తెలుపుతాయి: 1 ఢిల్లీ, 2 ముంబయి, 3 కలకత్తా, 4 చెన్నై. పేరు ఒకటే అయినా ఐదవ అంకె ఒకటి కాదు. దానితోపాటు ఆవిష్కర్త చిరునామాను, దరఖాస్తుదారు సంస్థను సరిపోల్చితే సందేహం తొలగుతుంది. పరిశోధకులు తమకు తాము ఓర్కిడ్ అనే 16 అంకెల ఉచిత గుర్తింపు సంఖ్యను తీసుకోవడం కూడ మంచిది.

అన్ని హక్కులూ వ్యక్తి పేరిటనే ఉండవని కూడ గమనించాలి. కోట్‌పాడ్ చేనేతకు 2005లో, కోరాపుట్ కాలాజీరా బియ్యానికి, డొంగ్రియా కొంధుల ఎంబ్రాయిడరీ శాలువాకు 2024లో లభించిన భౌగోళిక గుర్తింపు సమష్టి హక్కు. అక్కడ రక్షణ పొందేది ఒక మనిషి పేరు కాదు, ఒక ప్రాంతం పేరు.

5. మన రికార్డులను మనమే సరిచూసుకోవడం

జనన మరణాల రిజిస్టరు: 21 రోజులలోగా నమోదు చేయిస్తే రుసుము లేదు. మరణం నమోదు చేయించేటప్పుడు మృతుని తండ్రి లేక జీవిత భాగస్వామి పేరు, వయస్సు, పూర్తి చిరునామా తప్పక వ్రాయించాలి. అవి లేని నమోదు అదే పేరు గల జీవించి ఉన్నవారికి ముప్పు. పొరపాటు జరిగితే 1969 నాటి చట్టంలోని 15వ సెక్షను క్రింద రిజిస్ట్రారుకు దరఖాస్తు చేయవచ్చు. మొదటి వ్రాతను చెరపరు. అంచున సవరణ వ్రాస్తారు. 2023 అక్టోబరు 1 తరువాత జన్మించినవారికి బడిలో ప్రవేశం మొదలుకొని ఓటరు జాబితా వరకు జనన ధ్రువపత్రమే ఆధారం కాబట్టి, పేరు వర్ణక్రమాన్ని ఆనాడే జాగ్రత్తగా చూసుకోవాలి.

ఓటర్ల జాబితా: పేరు, చిరునామా సవరణకు 8వ ఫారం, తొలగింపు కోరడానికి 7వ ఫారం. అదే పేరు గల మరొకరి మరణం కారణంగా మీ పేరు తొలగింపుకు నోటీసు వస్తే, గుర్తింపు కార్డు సంఖ్యతో వెంటనే జవాబివ్వాలి. మౌనం మీకే నష్టం.

భూమి రికార్డు: ఒడిశా భూలేఖ్‌లో ఖాతా సంఖ్య, ప్లాటు సంఖ్య, రైతు పేరు అనే మూడు విధాల వెదకవచ్చు. పేరుతో వెదికితే ఆ పేరు గలవారందరూ కనిపిస్తారు. కనుక ఖాతా సంఖ్యతో వెదకడమే ఉత్తమం. ఖతియాన్‌లో పేరు ప్రక్కనే తండ్రి పేరు, కులం, నివాసం వ్రాసి ఉంటాయి. పేరు ఒక్కటే చాలదని ఆ రికార్డు వ్రాసినవారికి ఏనాడో తెలుసు. రెండు జిల్లాలూ షెడ్యూల్డు ప్రాంతాలు. ఇక్కడ గిరిజనుల భూమి గిరిజనేతరులకు బదిలీ కావడంపై 1956 నాటి రెగ్యులేషను నిషేధం ఉన్నది. కావున అమ్మేవారు ఎవరో ఈ వివరాలన్నిటితోను నిర్ధారించుకోనిదే బయానా ఇవ్వరాదు.

సమాధానం రానప్పుడు 2005 నాటి సమాచార హక్కు చట్టం క్రింద అడగవచ్చు. కార్యాలయం 30 రోజులలో జవాబివ్వాలి. అయితే ఇతరుల వ్యక్తిగత వివరాలు ఈ చట్టం క్రింద లభించవు, వాటిని కోరడం తగదు కూడ.

6. మూడు ఆనవాళ్ల నియమం

ఏ రికార్డునైనా చదివేటప్పుడు పేరు కాక మరి మూడు ఆనవాళ్లు కలిసినప్పుడే ఇద్దరూ ఒకరేనని నమ్మండి: తండ్రి లేక జీవిత భాగస్వామి పేరు, జన్మతేదీ లేక పత్రం తేదీ, ఊరు లేక చిరునామా. నమోదు సంఖ్య ఉంటే అది అన్నిటికంటె బలమైనది. కేసులోనో, బకాయిల జాబితాలోనో పొరుగువారి పేరు వంటి పేరు కనిపించినప్పుడు ఈ నియమాన్ని పాటించకుండా నలుగురిలో నోరు జారరాదు. పేరు కలవడం నేరం కాదు; చూడకుండా అనడం అన్యాయం.

స్వయం పరిశీలన

1. మీ ఆధార్, పాన్, ఓటరు కార్డులను ఒకచోట పెట్టి చూడండి. ఇంటిపేరు మూడింటిలోను ఒకే స్థానంలో ఉన్నదా?
2. మీ ఇంటిలో తాత, మనుమడు ఒకే పేరు గలవారైతే, వారి పత్రాలను వేరుచేసే మూడు ఆనవాళ్లను వ్రాయండి.
3. ఒక పేటెంటు దరఖాస్తు సంఖ్యలో ఐదవ అంకె 3 అయితే, అది ఏ కార్యాలయంలో దాఖలైనట్లు?
4. ఆవిష్కర్తకు, దరఖాస్తుదారుకు గల భేదాన్ని మీ మాటలలో ఇంట్లో పిల్లలకు వివరించండి.