మడమలు పట్టు కుక్కపిల్ల

ప్రశ్న: మేము మెల్‌బోర్న్‌లో ఉంటున్నాము. కొత్తగా తెచ్చిన బ్లూ హీలర్ కుక్కపిల్ల, మా ఆరేళ్ల అబ్బాయి పరుగెత్తినప్పుడల్లా వాడి మడమలు పట్టుకుంటున్నది. వాడికి దానిమీద ప్రాణమే, కాని భయము. ఏమి చేయాలి?

జవాబు: అమ్మా, మీరు దుశ్చేష్టయని తలంచునది ఆ జాతికి కులవిద్య. పంతొమ్మిదవ శతాబ్దమున ఆస్ట్రేలియాలోని విశాలమైన పచ్చికబయళ్లనుండి పశువులమందలను దూరపు సంతలకు తోలుకొనిపోవుటకై, అచ్చటి అడవికుక్కయగు డింగోతో సంకరపరచి పెంపొందించిన ఈ శునకములకు, మొరాయించు ఎద్దుల మడమలను చటుక్కున పట్టి విడుచుటయే వృత్తి గనుక, కేకలు వేయుచు పరుగిడు బాలుడు మందనుండి తప్పిన దూడవలెనే తోచును. అది మీదికి వచ్చినపుడు అబ్బాయి అరవక, చేతులు ముడుచుకొని నిశ్చలముగా నిలువవలెను; కదలనిదానిని తరుముటలో దానికి సరదా యేమున్నది? వెంటనే మీరు దానికి నమలుటకొక బొమ్మ నందింపుడు. ఆరేడు నెలలు వచ్చువరకు పాలపండ్లు రాలి కొత్తవి మొలచుచుండును గనుక కొంత కొరుకుడు తప్పదు. దెబ్బ వేయుట మాత్రము నాకు సమ్మతము కాదు. బెదరిన కుక్కయే నిజముగా కరచును. తిండి పెట్టుట, కూర్చుండుట నేర్పుట మీ యెదుటనే బాలునిచేత చేయింపుడు. చెలిమికి అదియే దారి. అయితే మకడేమియా గింజలు, ద్రాక్ష, చాక్లెట్టు, ఉల్లి దానికి విషతుల్యములు; బాలుడు వానిని పెట్టకుండ చూడుడు. పెద్దలెవ్వరును దగ్గర లేనిచో బాలుని, కుక్కపిల్లను ఒకచోట విడువకుడు.